మా అత్త బొటనవేలు, మిషను మామ ఇంజను

మొన్న రేషను స్టోరు బియ్యానికి బయలుదేరితే మా అత్త కూడా వస్తానని పట్టుబట్టింది. ఎనభై దాటిన మనిషి, ఇంటిపట్టున కూర్చోమంటే కూర్చునే రకం కాదు, కార్డులో నా పేరు కూడా ఉండాది కదా, నా వేలు నేనే పెడతా అని చేతికర్ర అందుకుని నాకంటే ముందే వాకిలి దాటింది. స్టోరులో ఆ చిన్న మిషను మీద బొటనవేలు పెడితే ఎర్రలైటు వెలిగింది. తుడిచి పెట్టినా అంతే, కొంగుకు రుద్ది పెట్టినా అంతే, ఎడమచేతిది పెట్టినా అంతే. స్టోరు అబ్బాయి మంచివాడు, విసుక్కోలేదు. "అవ్వా, నీ వేలి మింద గీతలే లేవు, అంతా నున్నగా అరిగిపోయినాది. మీ కోడల్ని పెట్టమను" అన్నాడు. నేను పెట్టాను. మొదటిసారికే పచ్చలైటు వెలిగింది. బియ్యం మూటను మనవరాలి సైకిలు మీద వేసుకుని ఇంటికి వస్తుంటే, మా అత్త దారి పొడుగునా తన వేలును కళ్ళకు దగ్గరగా పెట్టుకుని చూసుకుంటూ, నడుమ నడుమ నా చెయ్యి లాక్కుని నా వేలును కూడా పరీక్షగా చూస్తూ నడిచింది.

ఆ సాయంత్రమే మా మనవరాలు పుస్తకం తెచ్చి నా పక్కన కూర్చుంది. తొమ్మిదో తరగతి. యాంత్రిక శక్తి వల్ల లాభాలు, నష్టాలు రాసుకు రమ్మన్నారట, నీకు తెలిసినవి చెప్పు జేజీ అంది. నాకు నవ్వు వచ్చింది. నా బొటనవేలు లాభం అని రాసుకో, మిగతాది ఆలోచించి చెబుతాను అన్నాను. ఇట్లా రాస్తే మార్కులు వేయరు జేజీ అని ఆ పిల్ల లేచిపోయింది. నిజమే, ఆ పిల్లకు అర్థం కాదు. రోహిణి ఎండల్లో చాట ఒడిలో పెట్టుకుని చెనిక్కాయలు ఒలిచిన నా ఈడు ఆడవాళ్ళెవరైనా ఇది చదువుతుంటే, వాళ్ళకు మాత్రం నేను ఇంకొక మాట చెప్పనక్కర్లేకుండానే అర్థమవుతుంది.

మా పుట్టినిల్లు గుత్తి. కోట నీడలో పెరిగాం అని గొప్పగా చెప్పుకునేవాళ్ళం గానీ, ఆ కోట వల్ల మాకు ఒరిగింది వేసవిలో రాళ్ళ సెగ మాత్రమే. మా నాయనది రైల్వేలో చిన్న పని, సెంటు భూమి లేదు. చెనిక్కాయలంటే, అవే వేరుశనగ కాయలంటే, సాయంత్రం పొట్లంలో కొనుక్కుని పళ్ళతో చిట్లగొట్టుకు తినేవి అనుకున్నాను తప్ప, వాటికి విత్తనమని ఒక జన్మ ఉంటుందని, ఆ జన్మ ఆడవాళ్ళ బొటనవేళ్ళ మీదుగా నడుస్తుందని నాకు తెలియదు. రాయదుర్గం పక్క పల్లెకు కోడలుగా వచ్చిన మొదటి వేసవిలోనే తెలిసింది.

అప్పట్లో విత్తనం బజారులో కొనడం నామర్దా. పోయిన ఏడు పండిన కాయల్లో గట్టివి ఏరి మూటలు కట్టి, ఇంటి మూలన ఎలుకలకు అందకుండా పేర్చి, రోహిణి కార్తె రాగానే ఒలవడం మొదలుపెట్టేవాళ్ళం. ముందురోజు కాయల మీద కాసిని నీళ్ళు చిలకరించి గోనె కప్పితే పొట్టు మెత్తబడుతుంది. తెల్లారి పంచలో ఆడవాళ్ళంతా గుండ్రంగా కూర్చుని, కాయ ముక్కును బొటనవేలి కొనతో నొక్కి, చిట్లగానే రెండు వేళ్ళతో చీల్చి, పప్పును చాటలోకి, పొట్టును వెనక్కు విసిరేవాళ్ళం. వినడానికి ఇంతే. ఆ నొక్కుడు పొద్దున మొదలై పొద్దు వాలే వరకు సాగితే తెలుస్తుంది దాని సంగతి. రెండో రోజుకు గోరు కింద మంట, మూడో రోజుకు నెత్తురు, ఆ తరువాత అన్నంలో ఉప్పుకారం కలపడమే గండం. వేలు పనికిరాకపోతే పళ్ళు, పళ్ళు పులిస్తే పెదాలు వాచేవి. సాయంత్రం ఆముదం దీపం మీద వెచ్చబెట్టి అందరి వేళ్ళకూ పూసేది మా అత్త. తన వేళ్ళకు పూసుకునేసరికి ఆముదం అయిపోయేది.

అయినా ఆ పంచలో కూర్చున్న రోజులను తిట్టలేను. ఊళ్ళో ఏ కోడలు ఏ అత్తను ఏమందో, ఎవరి బర్రె ఈనిందో అన్నీ అక్కడే తేలేవి. గుత్తి నుంచి వచ్చిన దాన్నని, కాయ పట్టుకోవడం రాదని నన్ను ఏడిపించి ఏడిపించి వదిలిపెట్టేవాళ్ళు. మా అత్త నియమం ఒకటే, ఒలిచేవాళ్ళు ఎన్ని పప్పులైనా తినవచ్చు, కానీ విరిగినవే తినాలి. గుండు పప్పు నోట్లో వేసుకుంటే ఆమె చూపు చాలు, మింగుడు పడేది కాదు. "పప్పు మింది ఎర్రతోలు దాని చీరప్పా. చీర చినిగితే అది మట్టిలో మురిగిపోతాది గానీ మొలకెయ్యదు" అనేది. అందుకే వేలితో అంత జాగ్రత్త. ఆ మాటకున్న విలువ నాకు తెలిసింది నేను చెప్పబోయే ఏడాదిలో.

అప్పటికి రెండేళ్ళ నుంచి వానలు లేవు. మా మామ, అంటే మా ఆయన నాయన, పొద్దున లేస్తూనే ఆకాశం వైపు కాక ఎద్దుల వైపు చూసేవాడు. వాటికి మేత చెనిక్కాయ చెట్ల గడ్డే, ఆ గడ్డి రావాలంటే పంట రావాలి. మూడో ఏడు కూడా చేతికి రాకపోతే ఎద్దులను సంతకు తోలి, మా ఆయన, నేను బెంగుళూరు మన్నుపనికి పోవాలని ఇంట్లో అనుకోవడం కూడా అయిపోయింది. ఎద్దులు పోతే మళ్ళీ సేద్యం లేదని అందరికీ తెలుసు. ఉన్న విత్తనం కాయలు చేనికి సరిగ్గా సరిపోయేటన్ని. ఆ ఏడు ఒలవడం మొదలుపెట్టగానే మా అత్త కుడి బొటనవేలికి గోరుచుట్టు లేచింది. చెయ్యంతా సలుపు. గోరుచుట్టు మీద రోకటిపోటు అన్నట్టు, మృగశిర ఇంకా రాకముందే, ఎవరూ అనుకోని రోజున వాన దంచి కొట్టింది.

ఎర్రనేలల్లో వాన తడి, ఆ పదును, ఎన్నాళ్ళు నిలుస్తుందో మీకు తెలియంది కాదు. ఊరంతా ఒక్కసారే విత్తనాలు వేసే గొర్రులు బయటికి తీసింది. ఎవరి ఇంట్లో వాళ్ళకే ఒలవవలసిన మూటలు ఉన్నాయి, కూలికి పిలుద్దామంటే ఒక్క ఆడమనిషి దొరకదు. అప్పుడు మా మామ పక్క ఊరికి పోయి మిషనుతో సహా మిషను సాయబును వెంటబెట్టుకు వచ్చాడు.

ఆయన గురించి చెప్పాలి. కాయలు ఒలిచే మిషనును, దాన్ని తిప్పే ఆయిలు ఇంజనును ఎద్దుల బండికెత్తుకుని ఊరూరా తిరిగేవాడు. పంట వచ్చాక నూనెమిల్లుకు పోయే కాయలు కొట్టడం ఆయన పని. మా అత్త ఆయన్ని అన్నా అని పిలిచేది కాబట్టి వరసకు మా ఆయనకు మామ అయ్యాడు, ఆ పిలుపే నాకూ అలవాటైంది. ఇంట్లో ఒక మామ ఉండగా ఇంకొక మామ ఎట్లా అని నేను ఆయన్ని మిషను మామ అనేదాన్ని. నల్లటి బారు మనిషి, చొక్కాకు ఎప్పుడూ డీజిలు వాసన, కానీ నమాజుకు వేళైతే ఇంజను ఆపి, ఆ చేతులు ఎంత రుద్ది కడుక్కునేవాడో. విత్తనానికి మిషను పెట్టమని అంతకుముందు ఎవరూ ఆయన్ని పిలిచింది లేదు.

మా అత్త వాకిట్లోనే అడ్డం నిలబడింది. నూనెకైతే ఎట్లన్నా కొట్టుకో, విత్తనానికి ఇనుము తగలనియ్యద్దు అంది. మా మామకు కోపం వచ్చింది. "పదును ఆరిపోయినాక నీ వేలు మాన్తే ఏం, మానకపోతే ఏం?" అన్నాడు. ఆయన మాటలోనూ తప్పు లేదు. చివరకు మా అత్త ఒక్క మూటను మాత్రం ఇంట్లోకి లాగించి, దాని మీద తాను కూర్చుంది. మొలవనిచోట మళ్ళీ పెట్టుకోవడానికి ప్రతి ఇంట్లోనూ కాస్త విత్తనం దాచడం మా వైపు ఆనవాయితీ, ఆమె ఆ పేరే చెప్పింది. మిగతా మూటలన్నీ మిషనుకు పోయాయి.

ఇంజను తిప్పుడు కడ్డీతో రెండు మూడు తిప్పులు తిప్పగానే గుడగుడమని లేచింది. బెల్టు కదిలింది. పైన పోసిన కాయలు లోపల పటపటమని పగిలి, పొట్టు ఒక పక్కకు ఎగిరి, పప్పు ఇంకొక పక్కన జలజలా రాలుతుంటే, నేను నోరు తెరుచుకుని చూస్తూ నిలబడ్డాను. మేము వారం పది రోజులు నెత్తురు కారేట్టు చేసే పని, మధ్యాహ్నం సంగటి వేళకు అయిపోయింది. నా బొటనవేలిని నేనే ముద్దు పెట్టుకోవాలనిపించింది. అంత సంతోషం నా పెళ్ళిలో కూడా కలగలేదని ఆ రోజు మా ఆయనతో అంటే, ఆయన వారం రోజులు ముభావంగా ఉన్నాడు.

విత్తనం పడింది. గొర్రు వెనక నడుస్తూ, దాని మీది జడ్డిగం గిన్నెలో గింజలు పోసింది నేనే. పోస్తుంటే కొన్ని గింజల మీద ఎర్రతోలు లేచి తెల్లగా కనబడుతూనే ఉంది, కానీ ఆ తొందరలో ఎవరు ఏరగలరు. వారం తిరిగాక చేనికి పోయి చూస్తే సాళ్ళలో ఇక్కడొక మొలక, బారెడు దూరాన ఇంకొకటి. మధ్యలో వేలితో తవ్వి చూస్తే నల్లగా మురిగిన పప్పు, దానికి చీమలు. పక్క చేలల్లో చేత్తో ఒలిచి వేసినవాళ్ళ సాళ్ళు దువ్విన జడల్లాగా ఉన్నాయి. మా మామ గట్టు మీద కూర్చుండిపోయాడు. ఎద్దులు రెండూ ఆయన వెనక నిలబడి గట్టు గడ్డి కొరుకుతున్నాయి. ఆయన వాటి వైపు తిరిగి చూడలేదు.

మా అత్త ఒక్క మాట కూడా దెప్పలేదు. ఇప్పటికీ నాకు ఆశ్చర్యమే. వేరే ఎవరైనా అయితే నేను ముందే చెప్పినా కదా అని ఏడాదంతా దంచి పోసేవాళ్ళు. ఆమె నేరుగా ఇంటికి వచ్చి, ఆ మూట విప్పి, నీళ్ళు చిలకరించి, చాట ముందేసుకుంది. మబ్బు కడుతోంది, ఇంకొక జల్లు పడితే ఆ పదునులో సందులన్నిటా విత్తనం పెట్టవచ్చు, జల్లు పడేలోగా విత్తనం సిద్ధంగా లేకపోతే ఆ పదునూ పోతుంది. ఆమె ఎడమచేత్తో మొదలుపెట్టింది, అది సాగక పళ్ళతో, అదీ సాగక చివరికి గుడ్డ చుట్టిన ఆ కుడి బొటనవేలితోనే. నేను ఎదురుగా కూర్చున్నాను. గుడ్డ తడిసి ఎర్రబడుతుంటే వద్దత్తా అని చెయ్యి పట్టుకున్నాను. "ఈ వేలు మళ్ళా వస్తాది లే, ఎద్దులు రావు" అంది.

ఇద్దరం ఎంత ఒలిచినా మూట తరగలేదు. మరునాడు పొద్దున వాకిట్లో బండి ఆగింది. మిషను లేదు, ఇంజను లేదు. బండి నిండా ఆడవాళ్ళు. మిషను మామ భార్య, ఇద్దరు కోడళ్ళు, చెల్లెలు, ఒక్కొక్కరి చేతిలో ఒక్కొక్క చాట. మా చేను సంగతి ఆయనకు ఎవరు చేరవేశారో తెలియదు. పగ్గాలు వదలకుండానే మా మామతో, "ఏమప్పా, నా మిషను నీ విత్తనాన్ని ఖరాబు చేసినాది. మిషనుకు చేతకాని పని మా ఇంటోళ్ళకు చేతనవుతాది, కూర్చోనీ" అన్నాడు. మా మామ లోపలికి పోయి చెంబుతో నీళ్ళు తెచ్చి ఆయన చేతికిచ్చాడు. ఆ రోజు మా పంచలో నవ్వులు లేవు, కబుర్లు లేవు, కాయలు చిట్లే చప్పుడు మాత్రమే. మిషను మామ కూడా ఆడవాళ్ళకు కాస్త ఎడంగా కూర్చుని, ఆ డీజిలు చేతులతో ఒలిచాడు. ఆయనకు బొత్తిగా చేత కాలేదు, సగం పప్పులు బద్దలే. అవి తినండి అన్నా, విరిగినవి తినచ్చు అని మా అత్త అంటే, అంతసేపటికి మొదటిసారి అందరం నవ్వాం.

మూట అయిపోయిన మర్నాడే జల్లు పడింది. పుల్లతో గుంత పొడిచేవాళ్ళు పొడుస్తుంటే, విత్తనం వేసి మడమతో అదిమేవాళ్ళు అదుముతూ పోయారు. ఆ ఇంటి ఆడవాళ్ళు చేనిలోకి కూడా వచ్చారు. నేను పొడిచిన గుంతల్లో ఎడమచేత్తో గింజ వేసింది మా అత్త. కుడిచేతిని మెడలో కట్టుకున్న గుడ్డలో వేలాడేసుకుంది. ఆ ఏడు పంట గొప్పగా పండిందని చెప్పను, ముందు మొలిచింది ముందు, వెనక పెట్టింది వెనక, పీకడానికి తిప్పలు పడ్డాం. కానీ మేతకు గడ్డి వచ్చింది. ఎద్దులు నిలిచాయి. బెంగుళూరు ప్రయాణం మాట మళ్ళీ మా ఇంట్లో వినపడలేదు. మా అత్త గోరు మాత్రం ఊడిపోయి, తిరిగి వంకరగా వచ్చింది.

నాకు అన్నిటికంటే ముచ్చటైనది ఆ తరువాత జరిగింది. మిషను మామ ఊరుకోలేదు. కాయను నలిపే ఇనుప పట్టీలు పీకి, పాత లారీ టైరు కోసి ఆ రబ్బరు ముక్కలు బిగించాడు. కింది జల్లెడ మార్చాడు, ఇంజను వేగం తగ్గించాడు. ప్రతి ఏడూ రోహిణికి ముందు, అట్లా ఒలిచిన పప్పు గుప్పెడు తువ్వాలులో మూటగట్టి మా అత్త దగ్గరికి తెచ్చేవాడు. ఆమె ఆ గింజలను తడిగుడ్డలో చుట్టి నీళ్ళకుండ పక్కన పెట్టేది. మొలక వచ్చే రోజుకు ఆయన మళ్ళీ వచ్చి, మా పంచ అరుగు మీద కూర్చునేవాడు. ఆమె గుడ్డ విప్పి, మొలవని గింజను తీసి అరచేతిలో పెట్టి చూపేది. చూడన్నా, ఈడ గీసుకుంది అనేది. ఆయన దాన్ని కళ్ళకు దగ్గరగా పెట్టుకుని చూసి, సరేలెమ్మా అని లేచిపోయేవాడు. ఒక ఏడు రబ్బరు మందం అయింది, ఇంకొక ఏడు జల్లెడ కన్నం చిన్నదైంది. అట్లా కొన్నేళ్ళు నడిచింది. వాళ్ళిద్దరూ ఒక్కనాడు కూడా మాటా మాటా అనుకోలేదు, అట్లాగని ఆమె ఒక్క గింజకైనా మొహమాటపడి ఊరుకోనూ లేదు.

చివరికి ఒక ఏడు గుడ్డ విప్పితే దాదాపు అన్నీ మొలిచి ఉన్నాయి. మా అత్త ఒక్కొక్క గింజనే వేరు చేసి చూసి, "ఈ ఏటికి నీ మిషను మనిషైనాది లే అన్నా" అంది. ఆయన పైగుడ్డ ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు. చెమటో, కన్నీళ్ళో నేను అడగలేదు. ఆ ఏడు మొదలుకుని మా ఇంట్లో విత్తనానికి ఎవరి వేలూ నెత్తురు కారలేదు. ఊళ్ళో మిగతా ఇళ్ళు కూడా, ఆ మనిషి ఒప్పుకుందంటే ఇంకేం అని, ఒకరి తరువాత ఒకరు మిషనుకు వచ్చాయి. నేను ఆ తీరిక దొరికాకే అంగన్‌వాడీలో చేరాను, ఇట్లా నాలుగు అక్షరాలు రాసే అలవాటు కూడా అప్పుడే అయింది. యంత్రానికి నేను రెండు చేతులా దండం పెడతాను. పాత రోజులే బంగారమని ఎవరైనా అంటే, రోహిణిలో ఒక్క మూట ఒలిచి అప్పుడు మాట్లాడమంటాను.

అట్లాగని పోయినవి లేవని కాదు. పంచలో గుండ్రంగా కూర్చునే ఆ కూడిక ఆ ఏటితోనే పోయింది. ఇప్పుడు పక్కింట్లో బర్రె ఈనితే నాకు ఫోనులో తెలుస్తోంది. ఎద్దులు కూడా పోయాయి, ట్రాక్టరు వచ్చి మేము కాఫీ తాగేలోగా చేను విత్తి పోతుంది. మా కోడలు రాయదుర్గంలో జీన్సు ప్యాంట్లు కుట్టే చోట పని చేస్తుంది. అక్కడి మోటారు మిషన్లకు కాలితో తొక్కే పనే లేదు, వేళ్ళు చక్కగా ఉన్నాయి గానీ, సాయంత్రం బస్సు దిగేసరికి మెడ పట్టేసి, చెవుల్లో ఆ రొద ఇంకా మోగుతూ ఉంటుంది. దానికి ఆముదం ఎక్కడ పూయాలో మాకెవరికీ తెలియడం లేదు.

మనవరాలు రాత పూర్తి చేసుకుని మళ్ళీ వచ్చింది. కదిలే ప్రతిదానిలోనూ యాంత్రిక శక్తి ఉంటుందట, కాయను నొక్కే వేలిది కూడా అదేనట. పుస్తకం అబద్ధం చెప్పదు కదా. ఆ పిల్ల పెద్దజేజి చెయ్యి తన ఒడిలోకి తీసుకుని ఆ వంకర గోరును, నున్నటి వేలిని తడిమి చూస్తూ, గీతలు యాడ పోయినాయి పెద్దజేజీ అని అడిగింది. మా అత్తకు నవ్వు వచ్చింది. "యాడికి పోతాయి, మీరంతా తినేసినారు" అంది. తరువాత నా వైపు తిరిగి, "అన్న మిషను నా మాట ఇనింది గానీ, ఈ స్టోరు మిషను ఇనేట్టు లేదే" అంది.

నేను నవ్వలేకపోయాను. మిషను మామ పోయి చాలా ఏళ్ళైంది. ఇప్పుడు వచ్చే యంత్రాలు ఆయన దానికంటే వంద రెట్లు మంచివి కావచ్చు, వాటి వల్ల నేను సుఖపడుతున్నాను, కాదనను. కానీ గుప్పెడు పప్పు తువ్వాలులో కట్టుకుని వచ్చి, నా మిషను సరిగ్గా ఉండాదా అమ్మా, చెప్పు అని ఒక చదువురాని ఆడమనిషి ముందు అరుగు మీద కూర్చుని, తడిగుడ్డ విప్పే దాకా ఎదురు చూసేవాళ్ళు ఇప్పుడు ఎవరూ రావడం లేదు. వస్తే చెప్పడానికి మా అత్త ఇంకా ఇంట్లోనే ఉంది.